రెండు నిమిషాల తగవు

రెండు నిమిషాల్లో ఏమవుతుంది? మనింట్లో అయితే పొయ్యి మీద పాలు పొంగుతాయి. కేరళలో అయితే ఓ ప్రైవేటు బస్సు యజమాని హైకోర్టు మెట్లెక్కుతాడు.

వేళాకోళం కాదండీ. అక్కడ ఊళ్ల మధ్య తిరిగేవాటిలో ప్రైవేటు బస్సులే ఎక్కువ. ఒకే దారిలో ఒకదాని వెనక ఒకటి. మీ బస్సు ఉదయం 8.10కి బయల్దేరుతుందనుకోండి. ఏళ్ల తరబడి ఆఫీసుల జనం దానికే అలవాటు పడ్డారు. కొత్తగా వచ్చినవాడికి 8.08 టైము ఇచ్చారు. ఇంకేముంది, స్టాపుల్లో జనమంతా ముందొచ్చిన బండే ఎక్కేస్తారు. మీకు మిగిలేది ఖాళీ సీట్లూ, డీజిలు ఖర్చూ. (స్కూలు పిల్లల కోసం మాత్రం ఇంత పోటీ ఉండదు. వాళ్లది రాయితీ టిక్కెట్టు కదా!)

ఒకప్పుడు ఈ గొడవ ఇంకోలా ఉండేది. 1939 నాటి మోటారు వాహనాల చట్టంలో, కొత్తవాడికి పర్మిట్ ఇస్తుంటే పాతవాడు అభ్యంతరం చెప్పొచ్చు. 1988 చట్టం ఆ హక్కు తీసేసింది. పోటీ పెరుగుతుందన్న కారణంతో పాతవాళ్లు అడ్డుపడటానికి వీల్లేదని 1991లో మిథిలేశ్ గర్గ్ కేసులో సుప్రీంకోర్టు కూడా తేల్చేసింది. బండిని ఆపలేనప్పుడు ఏం చేస్తారు? దాని టైమును ఆపుతారు.

పర్మిట్ దరఖాస్తులోనే రోజుకెన్ని ట్రిప్పులో, ఏ వేళకో రాసివ్వాలి. కేరళలో పర్మిట్ మంజూరయ్యాక టైములు తేల్చడానికి రవాణా అధికారి ఆ దారిలోని యజమానులందర్నీ పిలిచి కూర్చోబెడతాడు. అక్కడ మొదలవుతుంది అసలు పంచాయితీ. నచ్చనివాడు ఎర్నాకుళంలోని ట్రిబ్యునల్‌కి వెళతాడు. అక్కడ జిల్లా జడ్జి స్థాయి న్యాయాధికారి కూర్చుని, ఫలానా జంక్షన్‌లో ఎవరు ముందు, ఎవరు వెనక అని లెక్కలు చూస్తారు. అక్కడా కుదరకపోతే హైకోర్టు. పోనీ గెలిచిన టైమైనా శిలాశాసనమా అంటే, అదీ కాదు. నెలకు తగ్గకుండా నోటీసిచ్చి పర్మిట్ షరతులు మార్చే అధికారం చట్టంలోనే ఉంది.

కోర్టులో తెగనిది రోడ్డు మీద తెగుతుంది. త్రిశూర్ వైపు ఓసారి అలాంటి బస్సెక్కాను. వెనక బండి అద్దంలో కనిపించేసరికి మా డ్రైవరుకి పూనకం వచ్చింది. ఓ పెద్దావిడ ఒక కాలు కింద పెట్టిందో లేదో, కండక్టరు బెల్లు కొట్టేశాడు. ఆవిడ పడలేదు గానీ చేతిలో సంచి పడింది. ఆ కంగారులో తిట్టడం కూడా మరిచిపోయింది పాపం.

మనకీ ఇలాంటి వారసత్వం లేకపోలేదు. కృష్ణా జిల్లా దారుల్లో ప్రైవేటు బస్సులు తీసేసి ఆర్టీసీ నడపాలని ప్రభుత్వం సంకల్పిస్తే, గుళ్లపల్లి నాగేశ్వరరావు, మరికొందరు యజమానులు సుప్రీంకోర్టుకెక్కారు. అభ్యంతరాలు విన్నది ఒక అధికారి, నిర్ణయం చేసింది ముఖ్యమంత్రి. వినేది ఒకరు, తేల్చేది మరొకరైతే ఆ విచారణకు అర్థమేముందని కోర్టు ఆ ఉత్తర్వు కొట్టేసింది. ఆ తర్వాత ముఖ్యమంత్రి నీలం సంజీవరెడ్డి స్వయంగా అభ్యంతరాలు విన్నారు. 1959లో కోర్టు సరేనంది. బస్సు యజమానులు ఓడిపోయారు గానీ, వాళ్లు గెలిచిన ఆ మొదటి తీర్పు లా కాలేజీల్లో ఇప్పటికీ పాఠమే.

వినడం గురించి ఇంత పట్టుబట్టారు కదా, మరి ప్రయాణికుణ్ణి వినేదెవరని నా అనుమానం. టైములు తేల్చే ఆ గదిలో కుర్చీలన్నీ యజమానులవీ, వాళ్ల వకీళ్లవీ. 8.08కీ 8.10కీ రెండు బస్సులూ వెళ్లిపోయాక, తర్వాతి బస్సు కోసం ఎండలో నిలబడే మనిషికి ఆ గది ఎక్కడుందో కూడా తెలియదు.