తాళంచెవి ఎవరి చేతిలో?

‘చర్చి మీద తిరుగుబాటు’ అంటూ మన సినీప్రియులు కొందరు ఒక సరుకును తెగ మోస్తున్నారు. 1970లలో ఇటలీలోనూ చుట్టుపక్కల దేశాల్లోనూ కుప్పలుగా వచ్చిన నన్‌స్ప్లాయిటేషన్ సినిమాలు. మనకు కాన్వెంటంటే ఇంగ్లీషు మీడియం బడి. ఇక్కడ మాత్రం కన్యాస్త్రీల మఠం: ఎత్తైన గోడలు, ముసుగులు, కొరడా, విప్పేసిన బట్టలు. ఇవన్నీ మతం చేసే అణచివేతను ఎండగడుతున్నాయట. నేనొప్పుకోను.

మా వేంసూరు కుర్రాళ్ళు సత్తుపల్లి పోయి చూసొచ్చిన మలయాళం డబ్బింగుల్ని మనం ‘బూతు’ అన్నాం. అదే పని ఇటాలియన్‌లో చేసి, కింద సబ్‌టైటిళ్ళు వేస్తే ‘కల్ట్’ అంటున్నాం. తేడా సినిమాలో లేదు, చూసేవాడి చదువులోనూ జీతంలోనూ ఉంది. సత్తుపల్లి ప్రేక్షకుడు తానెందుకు వెళ్ళాడో కనీసం అబద్ధమాడడు.

వీటిలో కాస్త మెరుగైనదని పేరున్న ‘ఫ్లావియా’ (1974) తీసుకోండి. తండ్రి బలవంతాన మఠంలో పడేసిన అమ్మాయి ఎదురు తిరుగుతుంది. మంచి కథే. కానీ కెమెరాకు ఆమె కోపం కన్నా ఆమె చుట్టూ జరిగే చిత్రహింసల మీదే మోజు. చివరికి ఆమె చర్మం ఒలిపించిగానీ వదలదు.

నగ్నత్వం కూడదని నేననడం లేదు. సెన్సారు కత్తెర నాకూ గిట్టదు. అయితే 1966లో ఫ్రాన్సు ప్రభుత్వం నిషేధించిన రివెట్ సినిమా ‘ది నన్’లో ఒళ్ళు చూపించే యావ లేదు. అది దిదెరో నవల. అక్కల పెళ్ళి కట్నాలకే డబ్బు సరిపోయింది, చిన్నదాన్ని మఠానికి తోలేశారు. అసలు ఈ పిల్ల లోపలికి ఎట్లా వచ్చిందని అడిగిన సినిమా అది.

కట్నం! పాతకాలపు ఇటలీలో మఠానికీ కట్నం కట్టాలి, కాకపోతే పెళ్ళి కట్నం కన్నా చవక. వెర్హోవెన్ ‘బెనెడెట్టా’ (2021) మొదట్లో మఠాధిపతురాలు పిల్ల తండ్రితో బేరమాడుతుంది. తెలుగువాళ్ళకు ఇంతకన్నా బాగా అర్థమయ్యే సీను ఏముంది? మనం మాత్రం ఆ సినిమాలో పక్క సీన్ల గురించే మాట్లాడుకున్నాం.

వెనిస్‌లో అర్కాంజెలా తరబొత్తి అనే కన్యాస్త్రీ, తండ్రులు కూతుళ్ళను ఇట్లా వదిలించుకోవడం మీదే పుస్తకం రాసింది. ఆమె పోయిన రెండేళ్ళకు, 1654లో అచ్చయింది. చర్చి దాన్ని నిషిద్ధ గ్రంథాల జాబితాలో చేర్చింది. మనకిదేం కొత్త కాదు. నాగరత్నమ్మ 1910లో అచ్చు వేయించిన ముద్దుపళని ‘రాధికా సాంత్వనం’ మరుసటి ఏడే నిషేధానికి గురై, 1947 దాకా అట్లాగే ఉండిపోయింది. ఆడమనిషి తన గొంతుతో తాను రాస్తే తాళం. ఆమె గదిలోకి మగవాడు తాళం సందులోంచి తొంగిచూస్తే కల్ట్!

కల్ట్ జాబితాలు రాసే మిత్రులారా, తరబొత్తి ఇంగ్లీషులో దొరుకుతోంది. ముందు ఆమెను చదవండి. ఆ తర్వాత కూడా మీ కొరడా సినిమా తిరుగుబాటే అనిపిస్తే, అప్పుడు మాట్లాడుకుందాం.