మెల్లగా పోయే బండైనా పిల్లలు పదిలమేనా?

సంపాదకులకు,

ఆటోలు, బ్యాటరీ బండ్లు మెల్లగానే పోతాయి, పిల్లల గురించి అంత భయం అక్కర్లేదన్న గత వారం లేఖతో నేను ఏకీభవించను. కోటప్పకొండ ఘాట్ రోడ్డు మలుపుల్లో ప్రమాదం ఒక్క వేగంతోనే రాదు. ఆ బండ్లకు పక్కన తలుపులుండవు. పసివాడి కాళ్లు కింద ఆనవు. బండి చటుక్కున తిరిగితే పట్టు తప్పి బయటికి జారిపోతాడు.

డ్రైవర్ పక్కన కూర్చోబెట్టడం మరీ ప్రమాదం. నడపడానికి అడ్డమయ్యేలా ఎవరినీ కూర్చోనివ్వకూడదని 1988 మోటారు వాహనాల చట్టం 125వ సెక్షన్ చెబుతోంది. బైకుపై నాలుగేళ్లలోపు పిల్లలకు బెల్టు, గంటకు 40 కిలోమీటర్ల హద్దు పెడుతూ కేంద్రం 2022లో నిబంధన తెచ్చింది. ఆటోలో వెళ్లే పిల్లలకూ అంత శ్రద్ధ దక్కాలి.

పసివాళ్లను పెద్దల మధ్య కూర్చోబెట్టండి, బండి పూర్తిగా ఆగాకే దించండి. శివరాత్రి తిరునాళ్లకు ముందే అధికారులు ఆటో స్టాండ్లలో ఈ మాట గట్టిగా చెప్పాలి.

– ఒక తల్లి, నరసరావుపేట