ప్రవచనానికి పృచ్ఛకులు కావాలి

తాడేపల్లిగూడెం పక్కనున్న పెంటపాడు మండలంలో 1958లో పుట్టిన గరికపాటి నరసింహారావు గారికి 2022లో పద్మశ్రీ వచ్చింది. సాహిత్యలోకానికి ఆయన ముందు అవధాని. ఇంటింటా టీవీలో వినేవాళ్లకు మాత్రం ప్రవచనకర్త. భారతంలో మొదలుపెట్టి అత్తాకోడళ్ల పంతాల దాకా, పిల్లల ర్యాంకుల దాకా, చావు భయం దాకా వస్తారు. తత్త్వశాస్త్రం పుస్తకం ఎన్నడూ తెరవని మనిషి వంటింట్లోనో కొట్టు దగ్గరో కాసేపు తన బతుకు గురించి తాను ఆలోచించుకుంటున్నాడంటే అది చిన్న పని కాదు. దీన్ని జనరంజకమని తీసిపారేసే పండితులతో మేం ఏకీభవించం.

అయితే అవధానానికి ప్రాణమైనది ప్రవచన వేదికల మీద, ఎవరు మాట్లాడినా, కనిపించడం లేదు. అష్టావధానంలో ఎనిమిదిమంది పృచ్ఛకులు, అంటే ప్రశ్నలడిగేవాళ్లు, అవధానికి ఎదురుగా కూర్చుంటారు. నిషిద్ధాక్షరి పృచ్ఛకుడైతే అవధాని ‘శ్రీ’ అనగానే తర్వాత ‘ర’ వస్తుందని పసిగట్టి, అది వాడొద్దంటాడు. అవధాని అప్పటికప్పుడు దారి మార్చుకోవాలి. అలా అడుగడుగునా అడ్డు తగిలితేనే ఆ పద్యం పుడుతుంది. ప్రశ్నోపనిషత్తు మొత్తం ఆరుగురు పిప్పలాదుణ్ణి అడిగిన ఆరు ప్రశ్నలే. మన సభల్లో మాత్రం ఒకరు చెబుతారు, మిగతావాళ్లం చప్పట్లు కొట్టి లేచి వస్తాం.

అడగాల్సినవి లేక కాదు. మన కొల్లేరు సరస్సు సంగతే చూడండి. దాన్ని 1999లో అభయారణ్యం చేశారు, 2002లో అది అంతర్జాతీయ చిత్తడినేలల రామ్‌సర్ జాబితాలో చేరింది. 2006లో ఆపరేషన్ కొల్లేరు పేరిట ఐదో కాంటూరు (ఎత్తు హద్దు) లోపలి చేపల చెరువుల గట్లు తెంచారు. సరస్సు బతకాలి, తమ్మిలేరు, బుడమేరు తెచ్చే వరద ఉప్పుటేరు గుండా సముద్రంలో కలవాలి. అక్కడి లంక గ్రామాలూ బతకాలి. అత్యాశ వద్దన్న ప్రవచనం విని ఒక లంకవాసి లేచి, “అప్పు తెచ్చి చెరువు తవ్వినోడిది ఆశా, అత్యాశా? గట్టు తెంచాక ఆ అప్పెవరు తీర్చాలండీ?” అంటే, వక్త ఎంత గొప్పవాడైనా ఒక్కక్షణం ఆగాల్సిందే. శ్లోకం అక్కడ అక్కరకు రాదు. ఇద్దరూ కలిసి ఆలోచించాలి. తత్త్వచింతన అంటే మాకు తెలిసినంతలో అదే.

ఏలూరులో, తాడేపల్లిగూడెంలో, కైకలూరులో ప్రవచనాలు ఏర్పాటు చేసే గుడి కమిటీలకూ సాహితీ సంస్థలకూ మా విన్నపం ఒక్కటే. చివరి అరగంట ప్రశ్నలకు వదలండి. చీటీలు రాసివ్వమనకండి, నోటితోనే అడగనివ్వండి. మైకు ముందుగా ఆడవాళ్ల వైపు పంపండి.