పగులగొట్టిన గాజు పలకలు



వరద నీరు గుమ్మం దాటి లోపలికి వస్తున్నప్పుడు ఏ మూట ఎత్తుకోవాలి, ఏది వదలాలి అని తేల్చుకోవడం ఎంత కష్టమో మన పల్లెల్లో చాలామందికి తెలుసు. మంచు సముద్రం నడుమ ఒక కెమెరామన్‌కు అలాంటి గడియే వచ్చింది. ఆయన పేరు ఫ్రాంక్ హర్లీ.

హర్లీ 1885లో ఆస్ట్రేలియాలోని సిడ్నీలో పుట్టాడు. చిన్నతనంలోనే ఇల్లు విడిచి వెళ్లి ఉక్కు కర్మాగారంలో పనికి కుదిరాడు. మొదటి కెమెరాను వారానికి ఒక షిల్లింగు చొప్పున వాయిదాల మీద కొన్నాడు. పట్టుదలతో పని నేర్చుకుని 1911లో అంటార్కిటికా యాత్రకు ఛాయాగ్రాహకుడయ్యాడు. 1914లో షాకిల్‌టన్ నాయకత్వంలో 'ఎండ్యూరెన్స్' అనే ఓడ మీద మళ్లీ అటే బయలుదేరాడు.

1915 జనవరిలో ఆ ఓడ మంచులో చిక్కుకుంది. పది నెలలు మంచుతో కొట్టుకుపోయి, చివరకు నలిగిపోయింది. అక్టోబరు 27న 28 మందీ ఓడ విడిచి మంచుగడ్డల మీదికి దిగారు. సొంత సామాను తలకు రెండు పౌన్లు, అంటే కిలోకు లోపే ఉండాలన్నాడు షాకిల్‌టన్. తన బంగారు నాణాలను ముందుగా ఆయనే మంచు మీద పారవేశాడు. రాణి ఇచ్చిన బైబిలులోనుండి కొన్ని పుటలు మాత్రం చించి దగ్గర ఉంచుకున్నాడు.

హర్లీ తీసిన చిత్రాలు నీరు నిండిన ఓడలోనే ఉండిపోయాయి. కొన్ని రోజుల తరువాత ఆయన చొక్కా విప్పి ఆ గడ్డకట్టే నీటిలో మునిగి, నెగెటివ్‌లున్న డబ్బాలను పైకి తెచ్చాడు. మూతలు అతికించి ఉండడంవల్ల లోపల తడి తగలలేదు.

అసలు పరీక్ష ఆ తరువాతే వచ్చింది. గాజు నెగెటివ్‌లు బరువు. పడవల్లో అన్నీ పట్టవు. ఆయన, షాకిల్‌టన్ మంచు మీద కూర్చుని ఒక్కొక్కటే వెలుగుకెత్తి చూశారు. సుమారు 120 ఉంచుకున్నారు. తక్కిన 400 పలకలను అక్కడికక్కడే పగులగొట్టారు, మళ్లీ మనసు మారకుండా! పెద్ద కెమెరాలు వదిలేసి, చిన్న జేబు కెమెరా, మూడు ఫిల్ము చుట్టలు మాత్రం హర్లీ వెంట తీసుకున్నాడు.

తరువాత ఎలిఫెంట్ ద్వీపంలో 22 మంది తిరగేసిన పడవల కింద నాలుగు నెలలకు పైగా గడిపారు. వారిలో హర్లీ ఒకడు. 1916 ఆగస్టు 30న సహాయం వచ్చింది. ఓడలోని 28 మందిలో ఒక్కరూ చనిపోలేదు. కాపాడిన చలనచిత్రం 1919లో 'సౌత్' పేరుతో ప్రజల ముందుకు వచ్చింది. హర్లీ 1962లో మరణించేవరకు ఆ వృత్తి విడువలేదు.

2022లో ఆ ఓడ 3,008 మీటర్ల లోతున కనబడింది. అయితే అది ఎలా నలిగిందో, దాని తెరచాప కొయ్యలు ఎలా కూలాయో నేటికీ మనకు చూపించేవి హర్లీ మోసుకొచ్చిన ఆ కొద్ది చిత్రాలే.

అన్నీ కావాలని పట్టుబట్టి ఉంటే ఒక్కటీ మిగిలేది కాదు. మనమూ ఎన్నో మోస్తున్నాం: పాత పగలు, పరువు పట్టింపులు, అక్కరలేని అప్పులు. పిల్లలకు ఏది అందించాలో ఎంచుకుని, తక్కినదాన్ని ధైర్యంగా దించుకుందాం.