బండి పోషణ: రేడియేటరు ఉడికితే
పుణెలో తయారైన పాత మేటడార్ వ్యానును అమ్ముకోవడానికి మనసొప్పని కుటుంబాలు మనలో ఇంకను ఉన్నవి. ఘాటు ఎక్కేటప్పుడు వేడి చూపే ముల్లు ఎర్రగీత తాకితే బండి ఆపండి. రేడియేటరు మూత మాత్రం ముట్టవద్దు. ఒత్తిడిలోని నీరు 100 డిగ్రీలు దాటినా మరగదు, మూత తీసిన మరుక్షణం ఆవిరై ముఖాన చిమ్ముతుంది. పిల్లలు ఎంత తొందరపెట్టినా అరగంట ఆగవలసిందే. కాలుతున్న ఇంజనులో చన్నీళ్ళు పోస్తే హెడ్డు పగలవచ్చు.

బోరు నీళ్ళ సంగతి వేరే చెప్పాలా? కాగు అడుగున కట్టే తెల్లని పొరే రేడియేటరు గొట్టాలలోనూ కడుతుంది. బ్యాటరీకి పోసే శుద్ధమైన నీళ్ళలో కూలెంటు కలిపి పోయించండి.

కొందరు మేస్త్రీలు థర్మోస్టాటు పీకివేసి, ఇక వేడెక్కదంటారు. మేము ఒప్పుకోము. ఇంజను తగిన వేడికి రాక డీజిలు ఎక్కువ తాగుతుంది. కొత్తదానిని మరిగే నీళ్ళలో వేసి, అది తెరుచుకోవడం కళ్ళారా చూచి బిగింపించండి.