చీకట్లో ఉన్న వెండి

వెండితెర అంటాం గానీ, వెండి ఫిల్ములోనూ ఉంది. బ్లాక్ అండ్ వైట్ ప్రింటు మీద నల్లగా కనిపించేదంతా వెండే. తమాషా ఏంటంటే, చంద్రుడున్న చోట అది దాదాపు ఉండదు, చీకటున్న చోటే ఉంటుంది. 'మాయాబజార్' (1957)లో మార్కస్ బార్‌ట్లీ మనకి చూపించిన వెన్నెలంతా అలా చుట్టూ వెండి పేర్చి, మధ్యలో ఖాళీ వదిలితే వచ్చిందే. 2010లో రంగులద్దిన ప్రింటు కూడా చూశాను. నగలు, పట్టుబట్టలు బాగున్నాయి. వెన్నెల మాత్రం నాకు పాతదే చల్లగా ఉంది.

ఆ వెండి రేణువులు వరసలో ఉండవు, విభూతి చల్లినట్టు ఉంటాయి. సెకనుకి 24 ఫ్రేములు, ఏ రెండింట్లోనూ చల్లుడు ఒకలా ఉండదు. అందుకే హీరోయిన్ కదలకుండా కూర్చున్నా వెనకాల గోడ సన్నగా మెదులుతుంటుంది, ఊపిరి తీస్తున్నట్టు. డిజిటల్లో చుక్కలు గళ్ల నోటుబుక్కులోలా ఉన్నచోటే ఉంటాయి. శుభ్రంగా ఉంటుంది, కాదనను. నాకెందుకో ఇస్త్రీ చేసిన మొహాల్లా అనిపిస్తాయి.

టాకీసు వెనక ఫిలిం ముక్కలు ఏరుకుని, నీళ్లు పోసిన బల్బు ముందు పెట్టి, అద్దంతో ఎండని పట్టి గోడ మీద బొమ్మ వేసినవాళ్లకి దాని రెండు వైపులూ తెలుసు. ఒకటి మెరుస్తుంది, ఒకటి మసక. తడి పెదవికి ఆనిస్తే మసక వైపు అంటుకుంటుంది, అదే బొమ్మ ఉన్న వైపు. ఎడిటింగ్ రూముల్లోనూ ఇదే పరీక్ష! మూడు గంటల సినిమా అంటే అలాంటి ఫిల్ము దాదాపు 16,000 అడుగులు, అంటే అయిదు కిలోమీటర్లు.

ఆ వెండే దానికి శత్రువైంది. ఆడటం అయిపోయిన ప్రింట్లని ఎన్నింటినో వెండి కోసం కరిగించేశారు. పుణెలో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ పెట్టింది 1964లో. మన దేశపు మొదటి టాకీ 'ఆలం ఆరా' (1931) ప్రింటు ఒక్కటీ మిగల్లేదు. కరగనివాటికి ఇంకో చావుంది. అసిటేట్ ఫిల్ము ఉక్కకి, తేమకి పులిసి, వెనిగర్ వాసనేస్తూ ముడుచుకుపోతుంది.

ఇంట్లో అమ్మానాన్నల పెళ్లి ఫొటోల నెగటివ్‌లుంటే ఈ ఆదివారం బయటికి తీసి వాసన చూడండి. పులుపు తగిలితే వాటిని వేరుగా పెట్టి, ముందు వాటినే స్కాన్ చేయించండి. ఆ ఆవిరి పక్కవాటిని కూడా పాడుచేస్తుంది. మిగతావి గాలి చొరబడని రేకు డబ్బాలో బిగించకండి, కాగితం కవరు చాలు. అటక మీద మాత్రం వద్దు, మన ఎండాకాలం సంగతి తెలిసిందేగా.