కుండీ మొక్కకు గడియారం కాదు, మట్టే కొలమానం

పొద్దున్నే కాఫీ తాగడం, ఆ వెంటనే బాల్కనీలోని కుండీలకు తలా ఒక మగ్గు నీళ్లు పోయడం నగరాల్లో చాలా ఇళ్ల దినచర్య. ఎండలు మండినా, ముసురు పట్టినా ఆ మగ్గు లెక్క మారదు. కొన్నాళ్లకు గులాబీ ఆకులు పసుపుబారి రాలిపోతాయి. ‘మా చేతికి మొక్కలు బతకవు’ అనే నిట్టూర్పు వినిపిస్తుంది. లోపం చేతిలో లేదు. రోజూ నీళ్లు పోయడమే సంరక్షణ అనుకునే అలవాటులో ఉంది.

వేర్లకు నీటితో పాటు ఆక్సిజన్ కూడా కావాలి. మట్టి రేణువుల మధ్య ఖాళీల్లో ఉండే గాలి నుంచి అవి దాన్ని తీసుకుంటాయి. ఆ ఖాళీలన్నీ నీటితో నిండిపోతే సరఫరా దాదాపు ఆగిపోతుంది. ఎందుకంటే ఆక్సిజన్ గాలిలో కన్నా నీటిలో సుమారు 10,000 రెట్లు నెమ్మదిగా వ్యాపిస్తుంది. ఊపిరాడని వేర్లు నీటిని పీల్చుకునే శక్తిని కోల్పోతాయి. పిథియం, ఫైటోఫ్తోరా వంటి వేరుకుళ్లు కారకాలు విజృంభిస్తాయి. ఇక్కడే మనిషి మోసపోతాడు. వేరు పనిచేయని మొక్క నీళ్లలో నిలబడి ఉన్నా, దాహంతో ఉన్నట్టే వాడిపోతుంది. చూసినవారు జాలిపడి మరో మగ్గు పోస్తారు.

నేలలోని మొక్కకు ఈ బాధ తక్కువ, మిగులు నీరు లోతుకు ఇంకిపోతుంది. కుండీకి ఆ లోతు లేదు. గిన్నెలు తోమే స్పాంజిని బాగా తడిపి అడ్డంగా పట్టుకుంటే కాసేపు నీరు కారి ఆగిపోతుంది. దాన్నే నిలువుగా తిప్పితే మళ్లీ కారుతుంది. లోతు తక్కువైన కుండీ, అడ్డంగా పట్టుకున్న స్పాంజి లాంటిది. రంధ్రం ఉన్నా అడుగున కొంత మందాన తడి నిలిచే ఉంటుంది. నీరు దిగుతుందని అడుగున గులకరాళ్లు పరిచే పద్ధతి కూడా మేలు చేయదు. సన్నని మట్టి పూర్తిగా తడిసి ముద్దయ్యేదాకా నీరు రాళ్లలోకి దిగదు. దాంతో ఆ తడి పొర మరింత పైకి, వేర్ల దగ్గరికి జరుగుతుంది. రాళ్లకు బదులు మట్టిలోనే కొబ్బరిపొట్టు, ఇసుక, పశువుల ఎరువు కలిపి గుల్లగా ఉంచడం మంచిది.

అలాగని నీళ్లు తగ్గించడమే మంత్రం కాదు. మే నెల ఎండల్లో మేడమీది చిన్న గ్రోబ్యాగు మధ్యాహ్నానికే ఎండిపోవచ్చు, దానికి రెండు పూటలా నీరు అవసరం కావచ్చు. మట్టి కుండీ గోడల నుంచి కూడా తడి ఆవిరైపోతుంది, ప్లాస్టిక్ కుండీలో అలా జరగదు. నీడలోని మొక్క, ఎండలోని మొక్క ఒకేలా తాగవు. శీతాకాలంలో మల్లె తోటల రైతులు నీరు ఆపి కొమ్మలు కత్తిరిస్తారు. ఆ విరామం తర్వాతే చెట్టు కొత్త చిగురేసి మొగ్గ తొడుగుతుంది. ఇన్ని తేడాలకు ఒకే మగ్గు, ఒకే వేళ ఎలా సరిపోతాయి?

వేలికంటే మంచి పరికరం లేదు. రెండు కణుపుల లోతు వేలు గుచ్చి చూడాలి. తడి తగిలితే ఆగాలి. పొడిగా ఉంటే అడుగు రంధ్రం నుంచి నీరు కారేదాకా నిండుగా పోయాలి. రోజూ పైపైన చిలకరిస్తే పైమట్టి మాత్రమే తడుస్తుంది, వేర్లు లోతుకు పోవు.

ఇది మొక్కల బాగోగులకే పరిమితమైన విషయం కాదు. 30 కుండీలకు రోజూ ఒక్కో లీటరు అనవసరంగా పోస్తే నెలకు 900 లీటర్లు. నగరవాసికి రోజుకు 135 లీటర్లు అన్న జాతీయ ప్రమాణంతో పోలిస్తే, అది ఒక మనిషికి దాదాపు వారానికి సరిపడే నీరు. హైదరాబాదుకు కృష్ణా జలం వంద కిలోమీటర్లకు పైగా దూరం నుంచి, పంపులకు కరెంటు ఖర్చుపెట్టి వస్తోంది. ఇక కుండీ కింది పళ్లెంలో నిలిచిన నీటిలో డెంగీని మోసే ఈడిస్ దోమ గుడ్డు నుంచి దోమగా ఎదగడానికి వారం పది రోజులు చాలు. ఆ గుడ్లు ఎండిన పళ్లెం అంచుకు అంటుకుని నెలల తరబడి బతకగలవు. అందుకే నీళ్లు పారబోస్తే సరిపోదు, వారానికోసారి పళ్లెం రుద్ది కడగాలి.

మిద్దెతోటలను ప్రోత్సహిస్తున్న ప్రభుత్వ శాఖలు విత్తనాలు, సంచులతో పాటు ఈ పాఠాన్ని కూడా పంచాలి. మొక్క అమ్మే నర్సరీ ‘రోజూ నీళ్లు పోయండి’ అనే బదులు ‘మట్టి చూసి పోయండి’ అని చెబితే చాలు. బడిలో కుండీ పెంచే పిల్లలకు స్పాంజి ప్రయోగం చేసి చూపితే, వాళ్లే ఇంట్లో పెద్దల చేతిలోని మగ్గును ఆపుతారు.